చెంబులో గీత

మా చిన్నాయన సంవత్సరీకానికని మొన్న చెన్నై వెళ్లాను. అయనావరంలో ఒకప్పుడు మేమంతా అద్దెకుండి, తర్వాత చిన్నాయనే కొనుక్కున్న ఇల్లు అది. కార్యం ముగిసి భోక్తలు లేచాక, చేతులు కడుక్కుందామని పెరటి గుమ్మం దగ్గరికి వెళ్తే చిన్నమ్మ ఇత్తడి చెంబుతో నీళ్లు అందించింది. ముందు క్లోరిన్ వాసన ముక్కుకు తగిలింది; లారీ నీళ్ల వాసన, ముప్పై ఏళ్లుగా మారని వాసన. నీళ్లు ఒంపుకుంటూ ఉండగా చెంబు లోపలి గోడ మీద, సగం చోట, చుట్టూ తిరిగిన ఒక సన్నని గీత కనిపించింది. మొదట అది మరకేమో అనుకున్నాను. వేలితో తడిమితే గోరుకు తగిలింది. నేను చెంబు పట్టుకుని అలాగే నిలబడిపోయేసరికి, నీళ్లు చాలలేదనుకుని చిన్నమ్మ మరిన్ని తేవడానికి లోపలికి వెళ్లింది.

ఆ గీత రాకెట్టు కోసం గీసినది.

*

మాది సూళ్లూరుపేట. నాయన గుమాస్తా ఉద్యోగం మీద మద్రాసు వచ్చేటప్పటికే చిన్నాయన పెరంబూరు రైలు పెట్టెల కర్మాగారంలో, అంటే 1955లో నెహ్రూ ప్రారంభించిన ఐసీఎఫ్‌లో, ఫిట్టరుగా కుదురుకుని ఉన్నాడు. రెండు కుటుంబాలూ ఒకే ఇంట్లో కింది వాటాలో ఉండేవి. ఇంటి ఓనరు కుటుంబం పైన ఉండేది, ఆ పైన అందరికీ ఉమ్మడిగా మిద్దె ఉండేది.

ఆ రోజుల మద్రాసు వేసవి అనగానే నాకు ఎండ కన్నా ముందు బిందెలు గుర్తుకొస్తాయి. తణ్ణి లారీ, అంటే నీళ్ల లారీ, వస్తోందన్న కబురు అందగానే వీధి పొడవునా పచ్చవి, ఎర్రవి, నీలివి ప్లాస్టిక్ బిందెలు బారులు తీరేవి. మనిషి రాలేకపోతే బిందె నిలబడేది, ఆ బిందెను ఎవరైనా వెనక్కి జరిపితే సాయంత్రం దాకా తగువు నడిచేది. వాకిట్లోని చేతిపంపు తెల్లవారుజామున ఓ గంటసేపు, అదీ కీచుమని మూలుగుతూ, రెండు మూడు బిందెలు ఇచ్చి ఊరుకునేది. అమ్మా, చిన్నమ్మా కూర్చుని నీళ్లకు పద్దు రాసినంత పని చేసేవాళ్లు: వంటకు ఇన్ని బిందెలు, స్నానానికి మనిషికి ఒక బకెట్టు, బియ్యం కడిగిన నీళ్లు తులసికోటకు, గిన్నెలు తొలిచిన నీళ్లు వాకిట్లోకి. అలాంటి ఇంట్లో నేను నీళ్లతో ఎగిరే రాకెట్టు చేస్తానని బయలుదేరాను.

దీనికి కారకులు మా సైన్సు మాస్టారు. మాది తెలుగు మాధ్యమం బడి. చర్యకు సమానమైన ప్రతిచర్య వ్యతిరేక దిశలో ఉంటుందన్న న్యూటన్ మూడవ గమన నియమం మా క్లాసులో అందరికీ నిద్రలో లేపి అడిగినా వచ్చేది. అది రెండు మార్కుల ప్రశ్న. ఒక శనివారం మధ్యాహ్నం ఆయన మమ్మల్ని ఆటస్థలానికి తీసుకెళ్లారు. చేతిలో లీటరున్నర కూల్‌డ్రింకు సీసా, ఫుట్‌బాల్‌కు గాలి కొట్టే సూది గుచ్చిన రబ్బరు బిరడా, సైకిలు పంపు ఉన్నాయి. అప్పటిదాకా కూల్‌డ్రింకు అంటే తాగి తిరిగి కొట్టువాడికి ఇచ్చే గాజు సీసానే మాకు తెలుసు. పెద్ద ప్లాస్టిక్ సీసాలు అప్పుడప్పుడే వస్తున్నాయి, తాగేశాక వాటిని ఏం చేయాలో ఎవరికీ తెలియక ఇళ్లలో పోగుపడుతున్నాయి.

"దీపావళికి రాకెట్టును సీసాలో నిలబెట్టి వెలిగిస్తాం కదా, ఇవాళ సీసానే ఎగరేద్దాం" అన్నారు మాస్టారు. సీసాలో మూడో వంతు నీళ్లు పోసి, బిరడా బిగించి, తలకిందులుగా మూడు ఇటుకల మధ్య నిలబెట్టి, మాలో ఒకణ్ని పంపు కొట్టమన్నారు. నీళ్లలోంచి బుడగలు గుడగుడమంటూ పైకి పోతున్నాయి. పన్నెండో పోటో పదమూడో పోటో పడగానే 'టప్పు'మని బిరడా ఊడింది. పంపు కొట్టినవాడు నిలువునా తడిసిపోయాడు. సీసా వేపచెట్టు దాటి, వంకరగా తిరిగి, హెడ్‌మాస్టరు గారి గది రేకుల మీద పడి దొర్లింది. మాస్టారు ముందుగా ఆ రేకుల వైపు భయంగా చూశారు, తర్వాతే మా వైపు చూసి నవ్వారు. గ్యాసు పానీయాల సీసాలు ఒత్తిడి తట్టుకునేలా చేస్తారనీ, మంచినీళ్ల సీసా పల్చన కాబట్టి దాంతో ఈ పని చేయకూడదనీ, గాజు సీసా జోలికి అసలే పోవద్దనీ మా చేత మూడుసార్లు చెప్పించుకుని, బిరడాను నాకు ఇచ్చారు.

*

ఇంటికి వచ్చి చెబితే చిన్నాయన ఆసక్తిగానే విన్నాడు గానీ నా వివరణను మాత్రం ఒప్పుకోలేదు. "నీళ్లు పోయి నేలను గట్టిగా తంతాయి అబ్బయా, నేల ఊరుకుంటుందా, తిరిగి తంతుంది. అందుకే లేస్తుంది" అన్నాడు. నేను మూడవ నియమం గడగడా అప్పజెప్పాను. "అది పుస్తకంలో మాట. నేల లేకుండా లేపి చూపించు" అన్నాడు. ఐసీఎఫ్‌లో ఇనుముతో పని చేసే మనిషి, కొలిచి చూడనిదే దేన్నీ నమ్మేవాడు కాదు. నిజం చెప్పాలంటే నాకూ లోపల అనుమానం ఉంది. నియమం నోటికి వచ్చింది గానీ నేల తన్నడమే సబబుగా తోచింది.

ఆ ఆదివారం మిద్దె మీద బట్టలారేసే తీగను ఖాళీ చేయించాడు. సీసాకు రెండు పాత పెన్ను గొట్టాలు అంటించి, వాటిలోంచి తీగను దూర్చి, సీసా అడ్డంగా తీగ మీద జారేలా అమర్చాడు. మొదటిసారి సీసా మూతి పిట్టగోడకు జానెడు దూరంలో ఉండేలా పెట్టి గాలి కొట్టాం. బిరడా ఊడింది, నీళ్లు గోడకు కొట్టుకున్నాయి, సీసా తీగ మీద సర్రున అవతలి స్తంభం దాకా పోయింది. "చూశావా, గోడ తన్నింది" అన్నాడు. రెండోసారి తీగ చివరను పిట్టగోడ పైకి ఎత్తి కట్టి, సీసా మూతి వెనక సందు మీది ఖాళీ గాల్లోకి చూసేలా పెట్టాం. అన్నే నీళ్లు, అన్నే పోట్లు. తన్నడానికి గోడా లేదు, నేలా లేదు. సీసా అదే వేగంతో వచ్చి అదే స్తంభానికి 'టక్'మని కొట్టుకుంది.

చిన్నాయన తీగ దగ్గరే చాలాసేపు నిలబడ్డాడు. వీధిలోని తమిళ పిల్లలు అప్పటికే మా యంత్రానికి తణ్ణి రాకెట్ అని పేరు పెట్టేశారు. ఆయన ఆ మాటనే పట్టుకుని, "అయితే ఇది నేలను తన్నడం లేదబ్బయా, తణ్ణిని తన్ని పోతోంది" అన్నాడు. ఇప్పటికీ ఎవరికైనా రాకెట్టు గురించి చెప్పాల్సి వస్తే నాకు నోటికి వచ్చేది ఈ వాక్యమే. లోపలున్నదాన్ని వెనక్కి తన్ని తాను ముందుకు పోతుంది, బయట ఏదీ అక్కర్లేదు. కింద సందులో పోతున్న ఒక పెద్దాయన నెత్తి తుడుచుకుంటూ పైకి చూసి ఏదో అన్నాడు గానీ, మేమిద్దరం వంగి దాక్కున్నాం.

చాలా ఏళ్ల తర్వాత, అమెరికాలో రాబర్ట్ గొడార్డ్ అనే ఆయన కథ చదివాను. గాలి లేని చోట రాకెట్టుకు తన్నడానికి ఏమీ ఉండదు కాబట్టి అది పనిచేయదంటూ 1920లో న్యూయార్క్ టైమ్స్ సంపాదకీయం ఆయన్ను ఎగతాళి చేసిందట. 1969 జూలైలో మనుషులు చంద్రుడి వైపు ప్రయాణమయ్యాక ఆ పత్రిక తన పొరపాటును ఒప్పుకుంటూ సవరణ వేసింది. పత్రికకు 49 ఏళ్లు పట్టింది, మా చిన్నాయనకు ఒక ఆదివారం మధ్యాహ్నం పట్టింది. ఈ సంగతి ఫోనులో చెబితే ఆయన నవ్వి, "వాళ్ల మిద్దె మీద తీగ లేదేమో" అన్నాడు.

*

అప్పటి నుంచి ఆయనే నాకన్నా ఎక్కువగా ఇందులో పడ్డాడు. బిరడా బిగువు మీద ఆధారపడితే ప్రతిసారీ వేరువేరు ఒత్తిడి దగ్గర ఊడుతుందని, పాత ఇనుము కొట్టులో రెండు పట్టీలు కొనుక్కొచ్చి, సీసా మెడ దగ్గరుండే కట్టును పట్టి ఉంచేలా కొక్కెం చేశాడు. సైకిలు బ్రేకు తీగ లాగితే కొక్కెం విడిపోయేది. పది అడుగుల దూరం నుంచి తడవకుండా రాకెట్టు వదలగలిగాం, ఇరవై ఐదు పోట్ల దాకా గాలి నింపగలిగాం.

ఇక నీళ్ల సంగతి. అమ్మ లారీ వచ్చిన రోజున ఒక చెంబు ఇస్తానని ఒప్పుకుంది. ఒక చెంబు అంటే లీటరు. లీటరున్నర సీసాలో మూడో వంతు అంటే అర లీటరు. అంటే వారానికి రెండు మూడు లారీలు వస్తే నాలుగు నుంచి ఆరు రాకెట్లు. మాస్టారి దగ్గర కొలజాడీ అరువు తెచ్చి, అర లీటరు నీళ్లు చెంబులో పోసి, కొన వంచిన ఉక్కు సూదితో నీటిమట్టం వెంబడే లోపల చుట్టూ గీత గీశాడు చిన్నాయన. "ఇత్తడి చెంబు పాడుచేశాడు" అని చిన్నమ్మ రెండు రోజులు మాట్లాడలేదు.

నీళ్లు తక్కువ కావడం వల్ల ఒక మేలు జరిగింది. ఊరికే సరదాకు వదలడానికి లేదు. ప్రతి రాకెట్టు వెనకా ఒక ప్రశ్న ఉండాలి. పొడుగు నోటుపుస్తకంలో నీళ్లు, పోట్లు, సెకన్లు అని గడులు గీసుకున్నాం. నీళ్లు అసలు పోయకుండా గాలితోనే వదిలితే చిన్న ఈల వేసి, మనిషెత్తు దాటి కూలబడింది. సీసా నిండా పోస్తే గాలికి చోటే లేక ధారగా కారిపోయి పక్కకు ఒరిగింది. సగం కన్నా మూడో వంతు బాగా ఎగిరింది. "గాలి వింటినారి లాంటిది, నీళ్లు బాణం. నారి లాగడానికి చోటుండాలి, వదలడానికి బరువైన బాణం ఉండాలి" అని చిన్నాయన దాన్ని సర్దుకున్నాడు. మాస్టారు విని, అయితే ఇక్కడ ఎగిరేది విల్లు కదయ్యా అన్నారట. ఎత్తు కొలవడానికి డిజిటల్ గడియారం వాడాం: పైకి పోయి కింద పడేదాకా 4 సెకన్లు పడితే, అందులో సగాన్ని వర్గం చేసి 4.9తో హెచ్చించాలి, అంటే సుమారు 20 మీటర్లు. ఖాళీ సీసా తేలికై నిదానంగా దిగుతుంది కాబట్టి ఈ లెక్క కచ్చితం కాదని మాస్టారు చెప్పినప్పుడు మా ఉత్సాహం కొంచెం చల్లారింది గానీ, పోల్చుకోవడానికి అది చాలు.

వేడి సంగతి కూడా ఆ రోజుల్లోనే తెలిసింది. పంపు కొట్టడం నా వంతు. ఒకసారి గబగబా ఇరవై పోట్లు కొట్టి పంపు అడుగు భాగాన్ని పట్టుకుంటే చెయ్యి చుర్రుమంది. ఆ రాకెట్టే కింద పడ్డాక పరుగెత్తి తీస్తే సీసా లోపల తెల్లగా పొగ కమ్ముకుని ఉంది. నిప్పు లేదు, మందు లేదు, పొగ ఎక్కడిదని నేను హడలిపోయాను. మూతి దగ్గర వాసన చూస్తే ఒట్టి క్లోరిన్. మర్నాడు మాస్టారు ఆ రెండూ ఒకే విషయానికి రెండు కొసలని చెప్పారు: గాలిని నొక్కితే వేడెక్కుతుంది, అదే గాలి ఒక్కసారిగా వ్యాపిస్తే చల్లబడుతుంది, ఆ చల్లదనానికి సీసాలోని ఆవిరి సన్నని తుంపరలుగా పేరుకుంటుంది. "నీ సీసాలో ఉన్నది పొగ కాదురా, మబ్బు" అన్నారు. ఆ సాయంత్రం చిన్నాయన నా చేత పంపు పట్టించి, తను సీసాను చెవికి, చెంపకు ఆనించుకుని చూశాడు. లారీ లేని రోజు కాబట్టి నీళ్లు ఓ గుక్కెడే పోశాం. మిద్దె మీద చీకటి పడుతోంది, సీసాలో గుప్పెడు మబ్బు మెల్లగా కరిగిపోయేదాకా ఇద్దరం దాన్నే చూస్తూ కూర్చున్నాం.

*

రెక్కలకు మొదట పెళ్లి శుభలేఖలు వాడాం. మందపాటి అట్ట కావడం వల్ల నిటారుగా నిలిచేవి, కానీ రెండు తడుపులకు మెత్తబడి వేలాడేవి. చి.ల.సౌ. అని బంగారు రంగులో అచ్చైన రెక్కతో ఓ రాకెట్టు చాలాకాలం ఎగిరింది. తర్వాత నాయనమ్మ కాలు విరిగినప్పుడు తీసిన ఎక్స్‌రే ఫిల్ములను కత్తిరించి అతికించాం. ఆ ఎముక నీడలు ఆకాశంలో తిరగడం చూసి అమ్మ అశుభం అంది. ఏ రెక్కలు పెట్టినా మొదట్లో రాకెట్టు పైకి పోయి పిల్లిమొగ్గలు వేసేది. ముక్కు బరువుగా ఉండాలని మాస్టారు అన్నాక కొనకు బంకమన్ను ముద్ద పెట్టాం. సరిపోయిందో లేదో తెలుసుకోవడానికి నీళ్లు దండగ చేయనక్కర్లేదని, రాకెట్టు నడుముకు తూకం కుదిరిన చోట తాడు కట్టి, చిన్నాయన దాన్ని వడిసెల తిప్పినట్టు నెత్తి చుట్టూ తిప్పేవాడు. ముక్కు ముందుకు పెట్టుకుని తిరిగితే సరే, తోక ముందుకొస్తే మరికాస్త మన్ను. లుంగీ ఎగగట్టి మిద్దె మీద సీసా తిప్పుతున్న నలభై ఏళ్ల మనిషిని చుట్టుపక్కల మిద్దెల మీది ఆడవాళ్లు బట్టలు తీయడం ఆపి చూసేవాళ్లు.

ఒక ఆదివారం సాయంత్రం, దూరదర్శన్‌లో తమిళ సినిమా మంచి పట్టులో ఉండగా, బాగా మన్ను పెట్టిన రాకెట్టు ఒకటి ఓనరు గారి యాంటెన్నా మీద దిగింది. పై వాటాలోంచి ఒక్కసారిగా గోల లేచింది. నాయన మా ఇద్దరి వైపూ చూసిన చూపు ఇంకా గుర్తుంది. చిన్నాయన మారు మాట్లాడకుండా గొట్టం ఎక్కి యాంటెన్నా తిప్పుతూ, "తెరియుదా? తెరియుదా?" అని, అంటే బొమ్మ కనిపిస్తోందా అని, అడుగుతుంటే, కింద మెట్ల మీద నేను, పై గుమ్మంలో ఓనరు గారి అమ్మాయి, లోపల టీవీ ముందు ఆవిడ, వరుసగా ఆ ప్రశ్నను లోపలికీ, 'ఇల్లై', అంటే లేదు, అనే జవాబును బయటికీ అందించాం. బొమ్మ కుదిరేసరికి సినిమాలో విలన్ చచ్చిపోయాడు. ఆ నెలంతా మాకు మిద్దె తాళం ఇవ్వలేదు.

*

సూళ్లూరుపేటలో నాయనమ్మ వాళ్ల ఇంటి నుంచి శ్రీహరికోట దగ్గరే. పులికాట్ సరస్సు మీది దారి దాటితే షార్, అంటే ఇస్రో రాకెట్లు వదిలే కేంద్రం. 1993లో మొదటి పీఎస్‌ఎల్‌వీ రాకెట్టు బంగాళాఖాతంలో పడిపోయినప్పుడు చిన్నాయన రేడియో కట్టేసి, మా నోటుపుస్తకం తెరిచి, పాడైన రాకెట్ల గడుల మీద వేలు ఆనించుకుంటూ పోయాడు గానీ ఏమీ అనలేదు. మరుసటి ఏడు అక్టోబరులో రెండోది వదిలినప్పుడు, దసరా సందడి ఇంకా తగ్గని రోజులు, మేమిద్దరం సూళ్లూరుపేటలోనే ఉన్నాం. ముందు వెలుగు కనిపించింది. చిన్నాయన వెంటనే వేళ్ల మీద లెక్కపెట్టడం మొదలుపెట్టాడు. శబ్దం సెకనుకు సుమారు 340 మీటర్లు పోతుందని నేను చెప్పిన మాటను ఆయన మరిచిపోలేదు. నిమిషానికి అటూ ఇటూగా ఆ శబ్దం వచ్చింది. అది చెవికన్నా ముందు గుండెకు తగిలింది. తలుపు గొళ్లాలు, అటక మీది ఇత్తడి సామాను గలగలమన్నాయి. నాయనమ్మ చేట పక్కన పెట్టకుండానే "వదిలినట్టున్నారు" అంది.

అది కనుమరుగయ్యాక ఆయన అడిగిన మొదటి ప్రశ్న, "దానికి ఎన్ని చెంబులు?" 44 మీటర్ల ఎత్తు, సుమారు మూడు వందల టన్నుల బరువు, ఆ బరువులో చాలా భాగం వెనక్కి తన్నేయడానికి మోసుకుపోయే ఇంధనమే అని తర్వాత తెలుసుకుని చెప్పాను. మా సీసా బరువు వంద గ్రాములైతే నీళ్లు ఐదు వందల గ్రాములు కదా, పద్ధతి ఒకటే అన్నాడు. మర్నాడు సూళ్లూరుపేట నుంచి మద్రాసుకు ప్యాసింజరు బండిలో, గుమ్మిడిపూండి దాటేదాకా ఆయన కిటికీ లోంచి సముద్రం వైపే చూస్తూ కూర్చున్నాడు. ఆ పెట్టె ఐసీఎఫ్‌లో తయారైనదే అని తలుపు పక్కనున్న పలకను తట్టి నాకు చూపించాడు.

ఆంధ్ర నుంచి మద్రాసుకు కృష్ణా నీళ్లు తెచ్చేందుకు 1983లో ఒప్పందం జరిగిన తెలుగుగంగ నీళ్లు 1996లో పూండి జలాశయానికి చేరాయి. "మన నీళ్లు మనకన్నా వెనకాల వచ్చాయి మద్రాసుకు" అన్నాడు చిన్నాయన. అప్పటికి నేను కాలేజీ చదువుకని వేరే ఊరు వెళ్లిపోయాను. కొక్కెం, బ్రేకు తీగ, పంపు గోనెసంచిలో మూటకట్టి అటక ఎక్కాయి. ఆ తర్వాత ఎప్పుడు వెళ్లినా మాటల్లో రాకెట్లు వచ్చేవి గానీ, సంచి దించిన గుర్తు లేదు.

*

మొన్న తమ్ముడితో అటక మీది సంచి దింపించాను. బిరడా పగుళ్లు బారి, ముట్టుకుంటే పొడి రాలింది. పంపులో తోలు వాషరు ఎండి రాయిలా ఉంది. కొబ్బరినూనె రాస్తే కాస్త మెత్తబడింది. చిన్నాయన పంపును ప్రతి వేసవికీ అలాగే బాగు చేసేవాడు. తమ్ముడికి అప్పట్లో రెండేళ్లు, వాడికి ఇవేవీ తెలియవు. ఇనుప కొక్కేన్ని అటూ ఇటూ తిప్పి, ఇది దేనికన్నా అని అడిగాడు. చెప్పడం మొదలుపెట్టి, చెంబు చూపిద్దామని వంటింట్లోకి కేకేశాను.

చిన్నమ్మ చెంబుతో వచ్చి, నేను గీత చూపించి అడగబోతుంటే తనే అందుకుంది. "అదా, మీ చిన్నాయన ఎప్పుడో గీశాడు. మొదట్లో కోపమొచ్చింది గానీ, ఆ గీత దాకా పోస్తే పావుకిలో బియ్యానికి సరిగ్గా సరిపోతాయి నీళ్లు. ఇన్నేళ్లూ దాంతోనే కొలుస్తున్నా. అన్నం ఒక్కరోజు చిమిడింది లేదు" అంది. ఇవాళ భోక్తలకు వండిన అన్నానికి కూడా దాంతోనే కొలిచిందట.